ఇనుము పడని పిట్ట

నా పని మొగులు చేసుడు.
పొద్దుగాల నాలుగున్నరకు
సజ్జా క్యాంపు బస్సు దిగి, బ్యాడ్జి గీకి
అద్దాల గుమ్మటం వెనక తలుపు తీస్త.
గోడకు పదకొండు వాల్వులు.
ఒక్కొక్కటి తిప్పుతుంటె
పైపుల సూది బెజ్జాలకెల్లి
ఎక్కడి ఆండీస్ కొండనో బుసబుస దిగొస్తది
సిమెంటు చెట్ల మీదికి, నిజం చెట్ల మీదికి.
ఏది ఏదో ఆ చీకట్ల నాకు సుత తెల్వది.

తేమ ఎనభై ఎనిమిది, వేడి పద్దెనిమిది.
కాగితం మీద రాసి సంతకం పెట్టాలె.
సముద్రంలకెల్లి ఉప్పు తీసి
మళ్ల వడగట్టి, మళ్ల సల్లబరిచి
దానికి వాన అని పేరు పెట్టిండ్రు.
దుబాయిల వాన సుత బిల్లు మీదనే వస్తది.

గప్పుడు లేస్తయి
ముక్కు వీపు మీద పెట్టుకొని
తోక మడిచి పైన కప్పుకొని
రాత్రంత నూలుండల లెక్క పన్న నాలుగు పిట్టలు.
ముందుగాల ఒక ముక్కు బయటికొస్తది,
పసుపు, ఎరుపు, కొసకు నలుపు,
అద్దకపోడు చేతులు తుడుసుకున్న గుడ్డ తీరు.
వెనక ముసురు పట్టిన నీలపు రొమ్ము.
ఎగిరితేనే కనపడేటట్టు
తోక కింద దాసుకున్న ఇంకింత ఎరుపు.

టూకాన్ అంటరు వీటిని.
నేనైతే ఆనిగెపు ముక్కు అంట.
నా పేరు పోశెట్టి, బ్యాడ్జి మీద పోష్ అని కొట్టిండ్రు.
ఎవని పేరు ఎవడు సక్కగ పిలిచిండు గనక.

అంత ముక్కును ఎట్ల మోస్తదో అనుకునేటోణ్ణి.
సచ్చిపోయిన దాని ముక్కు ఒకటి
డాక్టరమ్మ మరిసెల్ నా అరచేతిల పెట్టింది.
పేలాల పొట్లమంత లేదు బరువు.
లోపలంత గాలి, తేనెతుట్టె అసొంటి గూళ్లు.
ఉక్కపోస్తే నెత్తురును ముక్కులకు తోలి
వేడి బయటికి పారబోస్తదట.
మేం పారబోసేటందుకు
క్యాంపుల ఒక్కటే కిటికీ.

పొప్పడి పండు కోస్త, గోలీలంత ముక్కలు.
నారింజ వద్దు. నిమ్మ వద్దు. ఆకుకూర వద్దు.
ఎందుకు మేడం అంటే
ఇనుము పడదు పోష్, అన్నది.
తిండిల పిసరంత ఉన్నా
కార్జంల దాసుకుంటది,
దాసుకొని దాసుకొని
ఒకనాడు కొమ్మ మీదికెల్లి రాలిపోతది.

కత్తి పక్కకు పెట్టిన.
ఈడికి రాకముందు ఆరేండ్లు
నేను కట్టింది పన్నెండు మిల్లీ, పదహారు, ఇరవై.
జూన్ల రాడు పట్టుకుంటె
పెంక మీద రొట్టె తీరు తోలు అంటుకునేది.
ముప్పై ఏడో అంతస్తు దాక ఇనుమే.
తుమ్మితే ఇనుము, బువ్వల ఇనుము,
కలల సుత బెండింగు మిషను కిర్రుమనేది.

మొన్న వీసాకు నెత్తురు గుంజిండ్రు.
ఇనుము తక్కువున్నది, గోలీలు మింగు,
నిమ్మకాయ నీళ్లతోటి మింగితే మంచిగ పడ్తది
అన్నడు మలయాళీ కంపౌండరు.
నాకు నవ్వాగలే.
అన్నా, ఆరేండ్లు మోసిన,
ఒక్క రవ్వ లోపలికి రాలేదా?
ఆయన నవ్వలే. సీటీ మీద ముద్ర గుద్దిండు.

నా గోలీలు, నా నిమ్మకాయ
గుమ్మటం బయట లాకర్ల ఉంటయి.
లోపలికి తెస్తే ఉద్యోగం పోతది.
తెస్తనా, పిచ్చోణ్ణా.

అవి ఆడుకుంటయి, చూడాలె.
పండును ముక్కు కొసకు పట్టి
తల ఎత్తి ఎగరేసి, నోట్ల పట్టుకుంటయి.
ఒక్కోసారి పక్కదానికి విసురుతయి.
శుక్రవారం, జనం రాకముందు
పెద్దది నన్ను ఒంటికంటితోటి చూసి చూసి
నా దిక్కు ఒకటి ఎగిరేసింది.
పట్టలేకపోయిన.
చేతులు ఇంక రాడ్లవే,
మూసుకున్నంత తొందరగ తెరుచుకోవు.
పండు బూటు మీద పడి నీలంగ పగిలింది.
తుడుసుకోలేదు ఆ పూట.

ఇప్పుడు ఆగస్టు.
డ్యూటీ దిగి తలుపు తీయంగనే
కండ్లద్దాల మీద తెల్లగ మొగులు.
అంగి వీపుకు అంటుకుంటది, ఊపిరి నీళ్లాడ్తది.
ఊకనే మీటరు బయట పట్టుకొని చూసిన,
తేమ ఎనభై ఎనిమిది.
రాద్దామని కాగితం తిప్పి తిప్పి చూసిన.
బయటి సంగతి రాసే గడి లేదు దాంట్ల.